బనియోనిస్‌ను ఏ సినిమాతో మొదలుపెట్టాలి?

దొనాతస్ బనియోనిస్ నటన చూడాలంటే దేనితో మొదలుపెట్టాలని అడిగేవాళ్లకు ఎక్కువగా మూడు పేర్లే చెబుతారు: 'ఎవరూ చావాలనుకోలేదు' (1966), 'డెడ్ సీజన్' (1968), 'సొలారిస్' (1972). పేరు చూస్తే రష్యన్ దర్శకుడు తార్కోవ్‌స్కీ తీసిన సొలారిస్‌దే పైచేయి. కానీ ఇక్కడ తేల్చాల్సింది గొంతు సంగతి.

బనియోనిస్ అప్పట్లో సోవియట్ యూనియన్‌లో ఉన్న లిథువేనియా నటుడు. మాస్కో, లెనిన్‌గ్రాడ్ స్టూడియోలు ఆయన రష్యన్‌కు చాలాసార్లు వేరేవాళ్ల చేత డబ్బింగ్ చెప్పించాయి. సొలారిస్‌లో ఆయన వేసిన కథానాయకుడు కెల్విన్ గొంతు వ్లదీమిర్ జమాన్‌స్కీది. డెడ్ సీజన్‌లో గూఢచారి లదేయ్నికోవ్‌కు చెప్పింది అలెక్సాండర్ దెమ్యానెంకో, హాస్య చిత్రాల షూరిక్‌గా సోవియట్ ప్రేక్షకులందరికీ తెలిసినవాడు. డబ్బింగ్ మనకు కొత్తేమీ కాదు. అయినా ఒక నటుణ్ని మొదటిసారి చూస్తున్నప్పుడు సగం నటన ఇంకొకరిదైతే ఎలా?

అందుకే నా ఓటు జలకేవిచియస్ తీసిన 'ఎవరూ చావాలనుకోలేదు'కే. కథాకాలం 1947, ఓ లిథువేనియా పల్లె. సోవియట్ పాలనను ఎదిరిస్తూ అడవుల్లో పోరాడుతున్న ముఠాను వదిలి వచ్చిన వైత్కుస్ (బనియోనిస్) ఎటువైపూ ఉండనంటాడు. హతుడైన గ్రామ అధ్యక్షుడి కొడుకులు అతన్నే ఆ కుర్చీలో కూర్చోబెడతారు. భుజాలు వాల్చి, చూపు తప్పించి, మాట మింగేసే ఆ నటన పనెవెజీస్ నాటకశాలలో దర్శకుడు మిల్తినిస్ దగ్గర పాతికేళ్లు సానబట్టినది. కార్లోవీ వారీ చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి దీనికే వచ్చింది. అడవి పోరాటాన్ని సోవియట్ కంటితోనే చూపిన సినిమా అన్నది మాత్రం గుర్తుంచుకోవాలి.

చూసేముందు లిథువేనియన్ ఆడియో అవునో కాదో సరిచూసుకోండి, రష్యన్ డబ్బింగ్ ప్రతి కూడా తిరుగుతోంది. అవునంటూ 'తైప్' అని వినబడితే సరైనదే. 'దా' అంటే రష్యన్.

రెండోది సొలారిస్. రెండున్నర గంటలు దాటుతుంది, తీరిక ఉన్న రోజున చూడాలి. చనిపోయిన భార్య రూపంలో వచ్చిన హరీని కెల్విన్ రాకెట్‌లో పంపేసి ఆ మంటకు తానే కాలిన చోట మాటల అవసరమే ఉండదు, అక్కడ బనియోనిస్ పూర్తిగా దొరుకుతాడు. గూఢచారి కథలు ఇష్టమైతే డెడ్ సీజన్‌ను ముందుకు జరపండి. వంతెన దగ్గర ఖైదీల మార్పిడి ఘట్టం ఒక్కటి చాలు.

'కింగ్ లియర్'లో ఆల్బనీ, 'బివేర్ ఆఫ్ ద కార్'లో పాస్టర్ చిన్న వేషాలు. తర్వాత చూసుకోవచ్చు.