గురక జబ్బుకి వారానికో ఇంజెక్షన్, దానికి ఇన్సూరెన్స్: బెంగళూరులో ఏడాది అనుభవం

ముందు లెక్క చెప్పేస్తాను. 2025 ఏప్రిల్ నుంచి 2026 మార్చి దాకా నా గురక జబ్బుకి డాక్టర్ రాసిన మౌంజారో ఇంజెక్షన్లకి మెడికల్ షాపులో కట్టింది 2,29,750 రూపాయలు. ఇన్సూరెన్స్ నుంచి వెనక్కి వచ్చింది 21,600. ఆ 21,600 కోసం నేను రాసిన మెయిళ్ళు పదిహేడు. మందుకి పదికి ఎనిమిది మార్కులు వేస్తాను. క్లెయిమ్ వ్యవహారానికి మూడు. ఆ మూడు కూడా మా ఆఫీసు హెచ్ఆర్‌లో ఉన్న ఒక అమ్మాయి ఓపికకి.

నాకు 44 ఏళ్ళు. మాది హిందూపురం, పదహారేళ్ళుగా మారతహళ్ళిలో ఉంటున్నాం. నా గురక మా ఇంట్లో చాలాకాలం దాచిపెట్టిన విషయం. "ఆడపిల్లకి గురకేమిటి, అలసటమ్మా అది" అని మా అత్తగారు కప్పిపుచ్చేవారు. పెళ్ళిళ్ళకి ఊరెళ్తే అందరితోపాటు హాల్లో చాప వేసుకుని పడుకోవడం ఎప్పుడో మానేశాను. ఒకరోజు సిల్క్ బోర్డ్ సిగ్నల్ దగ్గర స్టీరింగ్ పట్టుకునే కునుకు తీశాను. వెనక బండ్ల హారన్లకి మెలకువ వచ్చింది. ఆ రాత్రి మా ఆయన ఫోన్‌లో నా నిద్ర రికార్డు చేశారు. వింటే గురక కంటే మధ్యలో వచ్చే నిశ్శబ్దమే భయపెట్టింది. చప్పుడు ఠక్కున ఆగిపోతుంది, కాసేపటికి నీళ్ళలోంచి తల పైకెత్తినట్టు ఒక్క ఊపు.

2025 జనవరిలో ఆసుపత్రిలో ఒక రాత్రి పడుకోబెట్టి స్లీప్ స్టడీ చేశారు. ఏహెచ్ఐ 38 వచ్చింది, అంటే గంటకి సగటున 38 సార్లు ఊపిరి ఆగడమో సన్నబడడమో జరుగుతోంది. 30 దాటితే తీవ్రమైన స్లీప్ ఆప్నియా, అంటే నిద్రలో ఊపిరి ఆగిపోయే జబ్బు, కింద లెక్క. ఆక్సిజన్ ఒకచోట 76 శాతానికి పడిపోయింది. అప్పుడు నా బరువు 94 కిలోలు, బీఎంఐ (ఎత్తుతో పోల్చి చూసే బరువు లెక్క) 36. ఫిబ్రవరిలో 58,000 పెట్టి, నిద్రలో మాస్కుతో గాలి పంపే సీపాప్ మిషన్ కొన్నాం. దానికి పైసా రాలేదు. ఇంట్లో వాడుకునే పరికరాలు మా ఆఫీసు గ్రూప్ పాలసీలో లేవని ఒక్క వాక్యంలో తేల్చేశారు.

స్లీప్ స్టడీ బిల్లు ఇంటిల్లిపాదికీ కలిపి మేం సొంతంగా తీసుకున్న ఫ్లోటర్ పాలసీకి పంపాను. ఆసుపత్రిలో ఒక రాత్రి ఉన్నాను కదా, బెడ్ నంబరు కూడా ఉంది కదా అని నా ధీమా. అది కోడ్ 04 కింద పోయింది. ఇన్సూరెన్స్ కంపెనీలని నియంత్రించే ఐఆర్‌డీఏఐ అన్ని కంపెనీలకీ ఒకే రకంగా రాసిపెట్టిన మినహాయింపుల్లో అదొకటి. కేవలం పరీక్షల కోసం చేరిన అడ్మిషన్‌కి డబ్బు రాదు. చదివితే తప్పు నాదే అనిపించింది. పాలసీ కాగితాలు 2019లో వచ్చాయి, నేను మొదటిసారి తెరిచింది 2025లో.

ఇక అసలు కథ. సీపాప్ పెట్టుకున్నా బరువు తగ్గితే తప్ప మూలం కదలదని స్లీప్ డాక్టర్ గారు చెప్పారు. టిర్జెపటైడ్ అనే మందు, మౌంజారో పేరుతో 2025 మార్చిలోనే మన దేశంలో అమ్మకానికి వచ్చింది. అదే మందుకి అమెరికాలో 2024 డిసెంబరులో, లావుగా ఉండి స్లీప్ ఆప్నియా మధ్యస్థంగానో తీవ్రంగానో ఉన్న పెద్దవాళ్ళ కోసం అనుమతి ఇచ్చారు. ఈ జబ్బుకి అక్కడ అనుమతి వచ్చిన మొదటి మందు అదే. నేను అనుమానం మనిషిని, "ఇది ఫ్యాషన్ ఇంజెక్షన్ కాదు కదా డాక్టర్ గారూ" అని మొహం మీదే అడిగాను. ఆయన నొచ్చుకోలేదు. 469 మంది మీద ఏడాదిపాటు చేసిన ప్రయోగం గురించి చెప్పారు. మందు తీసుకున్నవాళ్ళలో గంటకి 25 నుంచి 29 దాకా అంతరాయాలు తగ్గాయట, ఉత్తుత్తి ఇంజెక్షన్ తీసుకున్నవాళ్ళలో అయిదు చిల్లర. ఇంట్లో ఎవరికైనా థైరాయిడ్ క్యాన్సర్ ఉందా అని రెండుసార్లు అడిగి, అప్పుడు రాశారు.

మందుల షాపు అబ్బాయి కోలార్ వైపువాడు, తెలుగులో కన్నడం కలిపి మాట్లాడతాడు. మొదటి బిల్లు ఇస్తూనే "ఇదక్కె ఇన్సూరెన్స్ ఇల్ల మేడమ్, ఎల్లారూ అడుగుతారు" అన్నాడు, దీనికి ఇన్సూరెన్స్ లేదని. నేను నవ్వాను. వాడు చెప్పిందే దాదాపు నిజమైంది.

మా కంపెనీ గ్రూప్ పాలసీలో ఓపీడీ వాలెట్ అని, ఆసుపత్రిలో చేరకుండా అయ్యే ఖర్చులకి, అప్పట్లో ఏడాదికి 30,000 ఉండేది. డాక్టర్ ఫీజు, పళ్ళు, కళ్ళజోడు, మందులు అన్నీ అందులోంచే. మొదటి నెల 2.5 మిల్లీగ్రాముల డోసు, వయల్ 3,500, నాలుగు వారాలకి 14,000. క్లెయిమ్ పెట్టాను. తొమ్మిది రోజులకి జవాబు: "బరువు తగ్గే మందు, పరిధిలో లేదు." కింద కోడ్ 06.

ఈ కోడ్ 06 గురించి కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే నా కోపమంతా అక్కడే ఉంది. అది ఊబకాయానికి చేసే సర్జరీ గురించి రాసిన మినహాయింపు. అందులోనే ఏయే షరతులు తీరితే సర్జరీకి డబ్బు ఇవ్వాలో కూడా ఉంది. బీఎంఐ కనీసం 40 ఉండాలి, లేదా కనీసం 35 ఉండి కొన్ని తీవ్రమైన జబ్బుల్లో ఒకటైనా ఉండాలి. ఆ జాబితాలో గుండె జబ్బులు, అదుపులో లేని షుగర్‌తోపాటు తీవ్రమైన స్లీప్ ఆప్నియా పేరు కూడా స్పష్టంగా ఉంది. అంటే నేను పొట్ట కోయించుకుంటానంటే లక్షలు ఇవ్వడానికి దారి ఉంది. వారానికో సూది వేసుకుంటానంటే లేదు. పైగా సర్జరీకి ఇంకో షరతు: అంతకంటే చిన్న పద్ధతులు పనిచేయక విఫలమై ఉండాలి. ఆ చిన్న పద్ధతికి డబ్బులు ఎవరిస్తారో మాత్రం ఎక్కడా రాయలేదు! ఇన్సూరెన్స్ కంపెనీ తరఫున క్లెయిములు చూసే టీపీఏ సంస్థ ఫోన్‌లో ఒక కుర్రాడు ఎంతో సాయం చేస్తున్నట్టు "మేడమ్, మీరు బేరియాట్రిక్‌కి ఎలిజిబుల్, క్యాష్‌లెస్ కూడా అవుతుంది" అన్నాడు. బేరియాట్రిక్ అంటే ఆ పొట్ట సర్జరీయే. ఫోన్ పెట్టేసి ఓ పది నిమిషాలు ఊరికే కూర్చున్నాను.

అప్పుడు వచ్చింది మా బంధువుల సలహా, ఈ మందు షుగర్‌కి కూడా వాడతారు కదా అని. మా ఫ్లోటర్ పాలసీ చేయించిన ఏజెంటు నాకు మరిది వరస అవుతాడు. "షుగర్ ఉందని రాయిచ్చుకో వదినా, ఎవురు చూడొచ్చినారు" అన్నాడు. నా హెచ్‌బీఏ1సీ, అంటే మూడు నెలల సగటు షుగర్ చెప్పే పరీక్ష, 6.1. షుగర్ అంచు, షుగర్ కాదు. సిగ్గు విడిచి డాక్టర్ గారిని అడిగాను కూడా. ఆయన పెన్ను మూసి పక్కన పెట్టి, "ఈ కాగితం మీతో ఇరవై ఏళ్ళు ఉంటుందమ్మా" అన్నారు. నిజమే. రేపు పాలసీ వేరే కంపెనీకి మార్చుకుంటే లేని షుగర్‌ని నేనే ప్రపోజల్ ఫారంలో రాయాలి, దానికి ప్రీమియం కట్టాలి, నిరీక్షణ కాలం భరించాలి. రాయకపోతే దాచినట్టు. అబద్ధం తేలితే మొత్తం పాలసీకే ఎసరు. అదే మరిది ఇంకో భయం కూడా పెట్టాడు, గురక పాతదే కాబట్టి ముందునుంచీ ఉన్న జబ్బు అంటారని. ఆ భయం అక్కర్లేదు. పాలసీ తీసుకునే ముందు 36 నెలల్లో డాక్టర్ నిర్ధారించిందో, చికిత్స చెప్పిందో, తీసుకుందో మాత్రమే ఆ లెక్కలోకి వస్తుంది. నా జబ్బుకి పేరు పడిందే 2025లో. పైగా అయిదేళ్ళు ఆగకుండా నడిచిన పాలసీని మోసం రుజువైతే తప్ప తిరగదోడడానికి లేదు.

డాక్టర్ గారు అబద్ధం రాయలేదు కానీ వరస మార్చారు. పాత చీటీలో పైన "ఊబకాయం, గ్రేడ్ 2" అని, కింద చిన్నగా స్లీప్ ఆప్నియా అని ఉండేది. కొత్త చీటీలో పైన తీవ్రమైన అబ్‌స్ట్రక్టివ్ స్లీప్ ఆప్నియా, పక్కన జీ47.3 అనే కోడ్, ఏహెచ్ఐ 38, ఆక్సిజన్ 76 శాతం, సీపాప్ ప్రెషర్ 12. ఊబకాయం రెండో లైనులోకి దిగింది. దానికి తోడు ఒక పేజీ ఉత్తరం. ఈ మందు ఎందుకు, ఎన్నాళ్ళు, ఆపితే ఏమవుతుంది, అంతే. రెండూ నాకున్న జబ్బులే, కాబట్టి ఇది మాయ చేయడం అనుకోను. చదివే క్లర్కు మొదటి లైను దాటి వెళ్ళడని ఆయనకి తెలుసు.

ఈ సెట్టుతో ఇన్సూరెన్స్ కంపెనీలో ఫిర్యాదులు చూసే గ్రీవెన్స్ ఆఫీసరుకి రాశాను. ఒక క్వెరీ వచ్చింది, డాక్టర్ రిజిస్ట్రేషన్ నంబర్ కనిపించడం లేదట. ఇంకోటి వచ్చింది, బిల్లు మీద బ్యాచ్ నంబర్ కావాలట. మూడోది, "బరువు తగ్గడానికి కాదని ధృవీకరించండి." ఈ మూడో ప్రశ్నకి డాక్టర్ గారు జవాబు రాయనన్నారు. బరువు తగ్గడం ద్వారానే కదమ్మా జబ్బు తగ్గేది, కాదని ఎలా రాస్తాను అన్నారు. ఆయన మాట న్యాయమే, నాకు మాత్రం ఏడుపొచ్చింది. ఇక్కడే మా హెచ్ఆర్ అమ్మాయి రంగంలోకి దిగింది. ఓపీడీ వాలెట్ నిబంధనల కాగితం తీసి, అందులో "డాక్టర్ రాసిచ్చిన మందులు" అని మాత్రమే ఉందని, కోడ్ 06 సర్జరీ గురించి తప్ప మందుల గురించి కాదని మా ఆఫీసు ఇన్సూరెన్స్ బ్రోకరుకి రెండు లైన్లు రాసింది. వారం తిరిగేలోపు ఒప్పుకున్నారు. వాలెట్‌లో మిగిలింది 21,600. పిల్లాడి కళ్ళజోడు, మా ఆయన రూట్ కెనాల్ అప్పటికే 8,400 తినేశాయి. జూన్‌కల్లా వాలెట్ ఖాళీ. ఆ తర్వాతదంతా మా జేబే.

కాగితాల విషయంలో నేను నేర్చుకున్నది కాస్త ఉంది. ఆన్‌లైన్ యాప్‌లో కొంటే ఆర్డర్ స్క్రీన్‌షాట్ పనికిరాదు, లోపల పన్ను బిల్లు విడిగా దింపుకోవాలి, అందులో రోగి పేరు, డాక్టర్ పేరు ఉండాలి. డోసు పెరిగిన ప్రతిసారీ కొత్త చీటీ కావాలి. పాత చీటీలో 5 అని ఉండి బిల్లులో 7.5 అని ఉంటే అదో క్వెరీ, ఇంకో పది రోజులు. సీపాప్ యాప్ ఇచ్చే రిపోర్టు ప్రింటు తీసి జతచేయండి. మీరు చికిత్సని సీరియస్‌గా తీసుకుంటున్నారని చూపించే కాగితం అదొక్కటే. ఇంకా తిరస్కరిస్తే ఫిర్యాదు చేయడానికి ఐఆర్‌డీఏఐ వారి బీమా భరోసా పోర్టల్ ఉంది, 155255కి ఫోన్ చేయొచ్చు. కంపెనీకి రాసి నెల గడిచినా జవాబు రాకపోతే, వచ్చినా నచ్చకపోతే, ఇన్సూరెన్స్ తగాదాలు తీర్చే అంబుడ్స్‌మన్ దగ్గరికి వెళ్ళొచ్చు. కర్ణాటకవాళ్ళకి ఆఫీసు జేపీ నగర్ మొదటి ఫేజ్‌లో, జీవన్ సౌధ భవనంలో. ఫీజు లేదు, లాయర్ని తీసుకెళ్ళడానికి వీల్లేదు. 50 లక్షల దాకా వివాదాలు వింటారు. తిరస్కరించిన ఏడాదిలోపు వెళ్ళాలి. నేను వెళ్ళలేదు. స్లీప్ స్టడీ విషయంలో పాలసీ మాట నాకు వ్యతిరేకంగా అంత స్పష్టంగా ఉన్నప్పుడు వెళ్ళి ఏమని వాదించను?

మందు సంగతి. 5 మిల్లీగ్రాముల డోసు నాలుగు నెలలు, నెలకి 17,500. సెప్టెంబరు నుంచి 7.5 మిల్లీగ్రాముల డోసు, ఇంజెక్షన్ పెన్ను రూపంలో, నెలకి 22,000. ఆ నెల 22వ తేదీ నుంచి మందుల మీద జీఎస్టీ 12 నుంచి 5 శాతానికి దిగింది, అక్టోబరు బిల్లు 20,625 వచ్చింది. ఇన్సూరెన్స్ చేసినదానిలో మూడోవంతు పైగా సాయం, ఒక్క మెయిల్ కూడా రాయకుండా, జీఎస్టీయే చేసిపెట్టింది. మొదటి రెండు నెలలు వికారం, మలబద్ధకం, పుల్లటి త్రేనుపులు. రాగి సంగటి అంటే ప్రాణం నాకు, ముద్దలో సగం కూడా దిగేది కాదు. దసరాకి హిందూపురం బస్సులో వెళ్ళినప్పుడు పెన్ను ఐస్ ప్యాక్‌లో పెట్టుకుని తీసుకెళ్ళాను. మా అమ్మ ఫ్రిజ్‌లో పెరుగు గిన్నె పక్కన దాన్ని చూసి "ఇంత చిన్నదానికి అంత డబ్బా" అంది. ధర సగానికి తగ్గించి చెప్పాను అప్పటికే.

మార్చిలో మళ్ళీ స్లీప్ స్టడీ చేశారు. బరువు 79, ఏహెచ్ఐ 14. సీపాప్ ఇంకా ఉంది, ప్రెషర్ 12 నుంచి 8కి దించారు. మధ్యాహ్నం మీటింగుల్లో తల వాలడం పోయింది. ఆపితే బరువు తిరిగొచ్చే అవకాశం ఎక్కువని డాక్టర్ గారు దాచకుండా చెప్పారు. కాబట్టి ఈ ఖర్చు ఒక్క ఏడాదితో తీరేది కాదు, మార్కులు తగ్గించింది అందుకే.

రెన్యువల్‌కి ముందు హెచ్ఆర్ సర్వే వస్తే ఓపీడీ వాలెట్ పెంచమని ఆఫీసులో పదకొండు మందిమి విడివిడిగా రాశాం. 2026 ఏప్రిల్ నుంచి 40,000 చేశారు. మొదటి వారంలోనే బిల్లు పెట్టాను. నాలుగో రోజు క్వెరీ వచ్చింది: "బరువు తగ్గడానికి కాదని ధృవీకరించండి." నిరుటి మెయిల్ తీసి, తేదీ మార్చి, హెచ్ఆర్ అమ్మాయిని కాపీలో పెట్టి పంపాను.