సిందాలా కోట కోసం వెళ్లాం, లాడ్జిలో మోసపోయాం

నెదర్లాండ్స్ వెళ్తున్నామంటే అందరూ తులిప్ తోటల గురించే అడిగారు. నేను వెళ్లింది ఒక రచయిత కోసం, ఆయన టీవీ సీరియల్లోని సిందాలా అనే పాత్ర తిరిగిన కోట చూడటానికి. పన్నెండేళ్లుగా సీరియళ్లకు మాటలు రాస్తున్న నాకు గెరార్డ్ సూటెమాన్ అంటే గురి. దర్శకుడు పాల్ వెర్హోవెన్ పేరు సినిమా ప్రియులందరికీ తెలుసు. ఆయన తీసిన ‘టర్కిష్ డిలైట్’ (1973), ‘సోల్జర్ ఆఫ్ ఆరెంజ్’ (1977), ‘బ్లాక్ బుక్’ (2006) రచనలో సూటెమాన్ చెయ్యి ఉందని ఎంతమందికి తెలుసు? మరో దర్శకుడి సినిమా ‘ది అసాల్ట్’ స్క్రీన్‌ప్లే కూడా సూటెమాన్‌దే. 1987లో దానికి ఉత్తమ విదేశీ చిత్రంగా ఆస్కార్ వచ్చింది. అయినా రచయిత పేరు ఎక్కువమందికి తెలియకపోవడం నాకు బాధగానే ఉంటుంది.

ముందు ఆమ్‌స్టర్‌డామ్ లాడ్జి సంగతి చెప్పాలి. ఆన్‌లైన్‌లో రాత్రికి 124 యూరోలని చూసి రెండు రాత్రులకు బుక్ చేశాం. ఊరి పర్యాటక పన్ను 12.5 శాతం ఎలాగూ కట్టాలి, దానికి అభ్యంతరం లేదు. కానీ తాళం చేతికిచ్చేముందు గది శుభ్రానికి 35, దుప్పట్లకు 16 యూరోలు కట్టమన్నారు. ముందే ఎందుకు చెప్పలేదంటే బోర్డు చూపించారు, అదీ డచ్‌లో! గది మూడో అంతస్తులో. మెట్లు నిచ్చెనలా నిటారుగా ఉన్నాయి, పట్టుకోవడానికి ఒక తాడు. మోకాళ్ల నొప్పితో మా ఆవిడ నాతో సాయంత్రం దాకా మాట్లాడలేదు. లిఫ్ట్ ఉందో లేదో, మొత్తం ఎంతవుతుందో రాతపూర్వకంగా తెలుసుకోకుండా అక్కడ గది తీసుకోకండి.

స్టేషన్ వెనక నుంచి ఉచిత పడవలో ఐ ఫిల్మ్ మ్యూజియంకి వెళ్లాం, బాగుంది.

మూడో రోజు ఆర్న్‌హెమ్ దాకా రైలు, అక్కడి నుంచి బస్సులో డోర్నెన్‌బర్గ్ కోట. రైలు దిగాక స్టేషన్లో మెషీన్‌కి కార్డు తట్టడం మర్చిపోకండి. నేను మర్చిపోతే 20 యూరోలు కట్ అయ్యాయి. 1969లో సూటెమాన్, వెర్హోవెన్ చేసిన ‘ఫ్లోరిస్’ టీవీ సీరియల్ షూటింగ్ జరిగిన కోట ఇదే. నటుడు రట్గర్ హావర్ అందులో వీరుడు. అతని పక్కనే ఉండి ఉపాయాలతో గట్టెక్కించేవాడు సిందాలా అనే భారతీయ ఫకీరు. మధ్యయుగపు డచ్ కథలోకి మనవాణ్ణి తెచ్చి పెట్టిన ఆ ఊహకి నేను దండం పెడతాను.

1945లో యుద్ధంలో కూలిన కోటను మళ్లీ కట్టారు. రెండు భాగాలకీ మధ్య కందకం మీద చెక్క వంతెన. అడుగు వేస్తే పలకలు కిర్రుమంటాయి, కింద నీళ్లు నల్లగా కదలకుండా ఉంటాయి. ఇండియా నుంచి వచ్చామనగానే గైడు పెద్దాయన ముఖం వెలిగిపోయింది. ‘సిందాలా!’ అన్నాడు. చిన్నప్పుడు ఆ సీరియల్ చూసేవాడట. మిగతా అంతా మా కోసం ఇంగ్లీషులో చెప్పాడు. ఇద్దరికీ అయింది 25 యూరోలే.

తిరుగు రైల్లో ఫోన్లో ‘ఫ్లోరిస్’ ఒక భాగం పెట్టాను. సబ్‌టైటిళ్లు లేవు, డచ్ ముక్క మాకు రాదు. అయినా సిందాలా ఇప్పుడు ఏ ఉపాయం వేస్తాడో మా ఆవిడ ముందే చెప్పేసింది.