పిల్లల పేర్ల అర్థాలు: యాప్‌లు, నిఘంటువులు ఏళ్ల తరబడి వాడాక

మా బంధువుల్లో ఎవరింట బిడ్డ పుట్టినా, బారసాలకి ముందు పేరు అర్థం సరిచూసే పని నాకే వస్తుంది. అందుకోసం కొన్నేళ్లుగా పేర్ల యాప్‌లు, ఆన్‌లైన్ నిఘంటువులు రెండూ వాడుతున్నాను. కొత్త పేర్లు కంటబడటానికి యాప్‌లు బాగానే ఉంటాయి. అర్థం దగ్గర మాత్రం వాటిని నమ్మకండి.

ఆరవ్ అనే పేరే చూడండి. నేను వాడిన యాప్‌లలో దీనికి ‘ప్రశాంతమైనవాడు’ అని ఉంది. సంస్కృత పర్యాయపదాల పాత నిఘంటువు అమరకోశం తెరిస్తే ఆరవ, ఆరావ, సంరావ, విరావ అన్నీ శబ్దానికి పర్యాయపదాలుగా వరసగా కనిపిస్తాయి. అంటే ధ్వని, కేక. ‘శబ్దం లేనిది’ అనే అర్థం రావాలంటే మొదటి అక్షరం హ్రస్వం కావాలి. అప్పుడది ‘అరవ’ అవుతుంది, మనవాళ్లకు వెంటనే తమిళం గుర్తొస్తుంది. ఇంగ్లిష్ స్పెల్లింగ్‌లో దీర్ఘం పోవడం వల్లే ఈ తారుమారు జరిగి ఉంటుందని నా అనుమానం. ధ్వని అన్నది చెడ్డ అర్థమేమీ కాదు, నిక్షేపంగా పెట్టుకోవచ్చు. కాకపోతే ఆ సంగతి తెలిసి పెట్టాలి.

రేయాంశ్ ఇంకో రకం. ‘కాంతి కిరణం, విష్ణువు అంశ’ అని రాస్తారు. అంశ సంస్కృతమే, భాగం అని అర్థం. కానీ ‘రే’ అంటే కిరణం అన్నది ఇంగ్లిష్‌లో మాట. సంస్కృతంలో కిరణానికి అంశు అనే చక్కటి మాట ఉండగా ఈ అతుకు ఎందుకో! దగ్గరగా వినిపించే శ్రేయాంస్ మాత్రం అసలైన పాత పేరు. జైనుల పదకొండో తీర్థంకరుడు శ్రేయాంసనాథుడు. చివర ‘స’ ఉండాలి, ‘శ’ కాదు.

రేయాంశ్ లాంటి పేర్లు పుట్టడానికి జన్మనక్షత్రం అక్షరాల టెన్షన్ కూడా ఒక కారణం. ఆర్ద్ర నాలుగు పాదాలకు కూ, ఘ, ఙ, ఛ అని పంచాంగం చెబుతుంది. మూడో పాదంలో పుట్టిన బిడ్డకు ‘ఙ’తో పేరు ఎక్కడ దొరుకుతుంది? అర్థం ఉన్న పేరు దొరకనప్పుడు, ముందు శబ్దం కుదుర్చుకుని తర్వాత అర్థం అతికిస్తున్నారు.

నేను మొదట చూసేది ఆంధ్రభారతి నిఘంటు శోధన. మాట తెలుగులోనే కొడితే శబ్దరత్నాకరం, బ్రౌన్, సూర్యరాయాంధ్ర నిఘంటువు లాంటివన్నీ ఒక్కచోటే వెతుకుతుంది. తెలుగు అక్షరాలు కాబట్టి హ్రస్వదీర్ఘాల గొడవే ఉండదు. పేరు యథాతథంగా దొరక్కపోతే చివర ‘ము’ చేర్చి చూడండి: అన్వితకు బదులు అన్వితము. ‘కూడుకున్నది’ అనే అర్థం అక్కడ తేలుతుంది.

అక్కడ తేలకపోతే, జర్మనీలోని కొలోన్ విశ్వవిద్యాలయం ఆన్‌లైన్‌లో పెట్టిన సంస్కృత నిఘంటువులు చూస్తాను. 1899 నాటి మోనియర్ విలియమ్స్ నిఘంటువు కూడా వాటిలో ఉంది. కొత్తవాళ్లకు కాస్త కష్టమే, అర్థాలు ఇంగ్లిష్‌లో ఉంటాయి, సంక్షిప్తాలు ఎక్కువ. కానీ నాకు బాగా నచ్చిన నిజాయితీ ఒకటుంది. అర్థం పక్కన ‘ఎల్’ అనే గుర్తు ఉంటే, ఆ అర్థం పాత నిఘంటువుల్లోనే కనబడుతోంది తప్ప కావ్యాల్లో వాడుక దొరకలేదని లెక్క. ఏ యాప్ అయినా ఇంత చెబుతుందా?

నిఘంటువులో లేనంత మాత్రాన పేరు తప్పని కాదు. హరిప్రియ లాంటి సమాసాలను విడగొట్టి చూడాలి. అద్విక్ మాత్రం విడగొట్టినా నాకు తేలలేదు. ‘సాటిలేనివాడు’ అనే అర్థమే కావాలంటే అద్వితీయ ఉంది.

కియారా లాంటి పేర్లకు ఇవేవీ పనికిరావు. అది ఇటాలియన్, ‘స్వచ్ఛమైన, ప్రకాశవంతమైన’ అని అర్థం. దాదాపు అదే స్పెల్లింగ్‌తో కనిపించే ఐరిష్ పేరు కీరాకు మూలం ‘నలుపు’ అనే మాట. యూరప్ పేర్లకు బిహైండ్ ది నేమ్ సైటు చూస్తాను.

ఇక పెంటయ్య, పెంటమ్మ లాంటి మన పాత పేర్లకు నిఘంటువు అర్థం చూసి ముఖం చిట్లించకండి. వరసగా పిల్లలు పోతుంటే, ఈ బిడ్డయినా దక్కాలని పెంటకుప్ప మీద పడుకోబెట్టి తెచ్చుకుని పెట్టిన పేర్లవి. ఇంట్లో అలాంటి పేరున్న తాత ఉంటే, ఆ కథ చెప్పగల పెద్దవాళ్లు ఉండగానే అడిగి రాసి పెట్టుకోండి.