బెస్సీ స్మిత్‌తో మొదలుపెట్టాలా, లెస్టర్ యంగ్‌తోనా?

పాత జాజ్ లఘుచిత్రాల మాట ఎత్తినప్పుడల్లా పాఠకులు అడిగేది ఇదే: ముందు బ్లూస్ (అమెరికా నల్లవాళ్ల పాటల సంగీతం) గాయని బెస్సీ స్మిత్ నటించిన 1929 నాటి ‘సెయింట్ లూయిస్ బ్లూస్’ చూడాలా, శాక్సోఫోన్ వాద్యకారుడు లెస్టర్ యంగ్ కనిపించే 1944 నాటి ‘జామిన్ ద బ్లూస్’ చూడాలా?

చూడ్డానికి అందంగా ఉండేది రెండోదే. ఫొటోగ్రాఫర్ గ్యోన్ మిలి తీసిన పది నిమిషాల చిత్రం. మొదట తెర మీద గుండ్రటి గీతలేవో కనిపిస్తాయి. అవి మెల్లగా కదిలి పైకి లేచాక గానీ అది లెస్టర్ యంగ్ టోపీ అని తెలియదు. కథ లేదు, వేషాలు లేవు. నల్లవాళ్లకు ఎక్కువగా నౌకరు పాత్రలే ఇచ్చిన హాలీవుడ్‌లో వాళ్లను సంగీతకారులుగా మాత్రమే చూపించడం చిన్న విషయం కాదు. అయినా బృందంలోని ఒకే ఒక్క తెల్ల కళాకారుడు, గిటారిస్ట్ బార్నీ కెసెల్‌ను, నల్లవాళ్లూ తెల్లవాళ్లూ కలిసి వాయించడం కనబడకూడదని, చీకట్లోనే ఉంచేశారు.

నా ఓటు మాత్రం బెస్సీ స్మిత్‌కే. కారణం శబ్దం. ‘జామిన్ ద బ్లూస్’లో సంగీతాన్ని ముందే రికార్డు చేసి, దానికి తగ్గట్టు వాయిస్తున్నట్టు చిత్రీకరించారు. ప్లేబ్యాక్‌కు అలవాటుపడ్డ మనకు అదేం ఎబ్బెట్టుగా ఉండదు. కానీ బెస్సీ సెట్‌లోనే పాడింది, మన తొలి టాకీల్లో నటులు పాడినట్టే. ప్రియుడు తోసేసి వెళ్లిపోతే నేల మీదే పాట అందుకుంటుంది. తర్వాత బార్ కౌంటర్‌కు ఆనుకుని అదే పాట కొనసాగిస్తుంటే, చుట్టూ ఉన్న కోరస్ ఒక్కో పాదానికీ బదులు పలుకుతుంది. ఆ గొంతులో బరువు, మెడ బిగువు ఒకే క్షణానివి. జూదం, మోసం చేసే మగాడు, మేజోడులోంచి డబ్బు కాజేయడం... ఆ మూస కథ నన్ను ఇప్పటికీ బాధపెడుతుంది. అయినా 1937లో చనిపోయిన బెస్సీని పాడుతూ చూడగలిగే సినిమా ఇదొక్కటే.

సౌండీల సంగతంటారా? 1940ల అమెరికాలో పది సెంట్ల నాణెం వేస్తే ఒక యంత్రం తెర మీద ఆడిన మూడు నిమిషాల పాటల సినిమా ముక్కలు. పియానిస్ట్, గాయకుడు ఫ్యాట్స్ వాలర్‌వి చూడండి, చాలు.

బూగీ-వూగీ అనే హుషారైన బ్లూస్ పియానో శైలి కోసమే వెతికేవాళ్లు మాత్రం వీటన్నిటినీ పక్కన పెట్టి 1941లో తీసిన ‘బూగీ వూగీ డ్రీమ్’ చూడాలి. పియానిస్టులు ఆల్బర్ట్ అమన్స్, పీట్ జాన్సన్ కలిసి వాయిస్తారు, లీనా హార్న్ పాడుతుంది.