గేమ్ త్వరగా దిగాలంటే ఏది మేలు: పెద్ద ప్లానా, ల్యాన్ వైరా, డిస్కా?

ఒడిశాలోని పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ, బరంపురం ప్రాంతాల్లోని తెలుగు ఇళ్ల నుంచి ఈ మధ్య ఒకే ప్రశ్న పదేపదే వస్తోంది. 100 ఎంబీపీఎస్ ప్లాను ఉన్నా పీఎస్4 (ప్లేస్టేషన్ 4), ఎక్స్‌బాక్స్ వంటి కన్సోల్‌లో, అంటే టీవీకి కలిపే గేమ్ యంత్రంలో, ఒక గేమ్ దిగడానికి రాత్రంతా పడుతోంది కనుక, 300 ఎంబీపీఎస్ ప్లానుకు మారాలా, మోడెం నుంచి కన్సోల్ దాకా ల్యాన్ వైరు లాగించాలా, లేక విశాఖపట్నం నుంచి డిస్కులే తెప్పించుకోవాలా అన్నది ఆ ప్రశ్న. మా ఇంట్లో ప్లాను గడువు ముగిసినప్పుడు నేను కూడా ఈ మూడింటినీ పక్కపక్కన పెట్టి చూశాను. చివరికి పాత ప్లానునే కొనసాగించి వైరు లాగించాను.

ముందుగా లెక్క చూద్దాం. కంపెనీలు ప్లాను వేగాన్ని బిట్లలో చెబుతాయి (ఎంబీపీఎస్ అంటే సెకనుకు మెగాబిట్లు); గేమ్ పరిమాణం బైట్లలో ఉంటుంది. ఎనిమిది బిట్లు ఒక బైటు కాబట్టి 100 ఎంబీపీఎస్ ప్లాను సెకనుకు గరిష్ఠంగా 12.5 ఎంబీ తేగలదు. ఆ చొప్పున 100 జీబీ గేమ్ 8,000 సెకన్లలో, అంటే సుమారు రెండుంబావు గంటల్లో దిగాలి. అదే గేమ్ ఎనిమిది గంటలు తీసుకుంటోందంటే కన్సోల్‌కు చేరుతున్నది 28 ఎంబీపీఎస్ మాత్రమే, తక్కినది దారిలోనే పోతోంది. ఎక్కడ పోతోందో తెలుసుకోకుండా ప్లాను పెంచితే పోయేదే పెరుగుతుంది. కాబట్టి లాప్‌టాప్‌ను వైరుతో నేరుగా మోడెంకు కలిపి, రాత్రి ఎనిమిదింటికి ఒకసారి, తెల్లవారుజామున ఒకసారి వేగం కొలవండి. రెండు వేళల్లోనూ 90కి పైగా వస్తే వీధి లైనులో లోపం లేదు, చిక్కు ఇంటిలోపలే ఉందన్నమాట. రాత్రివేళ మాత్రమే పడిపోతుంటే అది మీ ప్రాంతంలో కంపెనీకి ఉన్న ఇరుకు. దానికి పెద్ద ప్లాను కంటే అర్ధరాత్రి దాటాక దించుకోవడమే నమ్మకమైన మార్గం.

ఇంటిలోపల ముందుగా అనుమానించవలసింది కన్సోల్‌నే. ఈ విషయాన్ని చాలామంది పట్టించుకోరు కాని, నా దృష్టిలో అసలు తీర్పు ఇక్కడే తేలుతుంది. ఫైలు పంపే సర్వర్ దాన్ని ఒక్కసారిగా కుమ్మరించదు. అందుకునే యంత్రం తాను ఇంతవరకు పుచ్చుకోగలనని చెప్పిన మేరకు పంపి, అది అందినట్లు కబురు వచ్చాక తక్కినది పంపుతుంది. ఈ పరిమితిని టీసీపీ రిసీవ్ విండో అంటారు. పీఎస్4లో ఏదైనా గేమ్ తెరిచి ఉంటే సిస్టమ్ ఈ విండోను బాగా కుదించివేస్తుంది. ఉదాహరణకు విండో 128 కేబీ అనుకుందాం. సర్వర్ దాకా వెళ్లి కబురు తిరిగి రావడానికి 60 మిల్లీసెకన్లు పడితే, ఆ కనెక్షన్‌లో 17 ఎంబీపీఎస్‌కు మించి రాదు. ప్లాను 100 అయినా 300 అయినా ఆ 17 మారదు. అదే కబురు 30 మిల్లీసెకన్లలో తిరిగి వస్తే వేగం 34కు చేరుతుంది. సర్వర్లు పెద్ద నగరాల్లో ఉంటాయి కనుక గజపతి, రాయగడ జిల్లాల్లో ఉన్న మనకు ఈ రాకపోకల సమయం కొంత ఎక్కువే ఉంటుంది; ఆ దూరాన్ని మనం తగ్గించలేం. ఇంటిలోపల నీరసించిన వైఫై దానిపైన చేర్చే ఆలస్యాన్ని మాత్రం తీసివేయగలం. విండోను వెడల్పు చేయడానికైతే పైసా ఖర్చు లేదు: ఆడుతున్న గేమ్‌ను పక్కన పెట్టి హోమ్ తెరకు రావడం సరిపోదు, దాన్ని పూర్తిగా మూసివేయాలి. ఎక్స్‌బాక్స్‌లోనూ గేమ్ నడుస్తున్నప్పుడు డౌన్‌లోడ్ మందగిస్తుంది. డౌన్‌లోడ్ల వరుస చూపే తెరలో గేమ్‌ను తాత్కాలికంగా ఆపే మీట ఇప్పుడు ఉంది.

తర్వాతది వైఫై. మన వైపు పాత వీధుల్లో ఇళ్లు ముందు నుంచి వెనక్కి పొడవుగా, గోడకు గోడ ఆనుకుని ఉంటాయి. ఫైబర్ తీగ వీధి గదిలోకి వస్తుంది, మోడెం అక్కడే గోడకెక్కుతుంది. టీవీ, కన్సోల్ మాత్రం రెండు మందపాటి గోడల అవతల నడిమి గదిలో ఉంటాయి. 2013లో వచ్చిన మొదటి పీఎస్4 కేవలం 2.4 గిగాహెర్ట్జ్ వైఫైని అందుకుంటుంది. 5 గిగాహెర్ట్జ్ సౌకర్యం 2016 నాటి స్లిమ్, ప్రో నమూనాలతో వచ్చింది. 2.4 గిగాహెర్ట్జ్‌లో ఒకదానికొకటి అడ్డు రాని చానళ్లు 1, 6, 11 అనే మూడే, వాటిని వీధి వీధంతా పంచుకుంటుంది. 5 గిగాహెర్ట్జ్‌లో ఆ రద్దీ లేదు, కాని అది గోడలు దాటేసరికి బలహీనపడుతుంది. వైఫై 6 ఉన్న పీఎస్5 అయినా, వైఫై 5తో సరిపెట్టిన ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎక్స్, ఎస్ అయినా ఆ గోడను తప్పించుకోలేవు. మోడెం, కన్సోల్ ఒకే గదిలో ఉన్నవారికి మాత్రం 5 గిగాహెర్ట్జ్ చక్కగా సరిపోతుంది. అలాంటి ఇంట్లో గోడకు రంధ్రం వేయించమని నేను చెప్పను.

గోడలు అడ్డున్న ఇంటికి ల్యాన్ వైరే మేలు. పీఎస్4, పీఎస్5, ఎక్స్‌బాక్స్ సిరీస్ కన్సోళ్లు అన్నింటికీ గిగాబిట్ (1,000 ఎంబీపీఎస్) ల్యాన్ పోర్టు ఉంది. క్యాట్ 5ఇ వైరు 100 మీటర్ల దాకా గిగాబిట్ వేగాన్ని మోయగలదు కనుక, క్యాట్ 6, క్యాట్ 7 అని ఎక్కువ ధర చెప్పే వైర్ల అవసరం ఇంట్లో రాదు. చూడవలసినవి వేరే ఉన్నాయి. వైరులో ఎనిమిది పోగులు, అంటే నాలుగు జతలు ఉంటాయి. గిగాబిట్‌కు నాలుగు జతలూ కావాలి. తొందరలో రెండు జతలు మాత్రమే జాక్‌లో బిగిస్తే లంకె 100 ఎంబీపీఎస్ దగ్గరే ఆగుతుంది, కాని నెట్ నడుస్తూనే ఉంటుంది కాబట్టి లోపం ఎవరి కంటా పడదు. చవకగా దొరికే వైర్లలో కొన్ని రాగి పూత పూసిన అల్యూమినియంవి. కొనేటప్పుడు అచ్చమైన రాగిదా అని అడగాలి. మోడెం వెనుక పోర్టులనూ చూడాలి. కంపెనీలు ఇచ్చే ఫైబర్ మోడెంలలో కొన్నింటికి ఒక పోర్టు మాత్రమే గిగాబిట్‌ది, మిగిలినది లేదా మిగిలినవి 100 ఎంబీపీఎస్‌వి. ప్లానును 300కు పెంచి వైరును తప్పు పోర్టులో పెట్టిన ఇంట్లో కన్సోల్‌కు 95 దాటదు; నెలనెలా కట్టే అదనపు సొమ్ము అక్కడే వృథా అవుతుంది. వైరుకు ఖర్చు ఒక్కసారే, అది కూడా ఒక కొత్త గేమ్ ధర కంటే తక్కువ.

పెద్ద ప్లాను దండగ అనడం లేదు. వైరు సరిగా ఉండి, గేమ్ మూసి ఉండి, కన్సోల్ 90కి పైగా అందుకుంటున్నా చాలడం లేదంటే, లేదా ఇంట్లో రెండు కన్సోళ్లు, ఆన్‌లైన్ తరగతులు, పెద్దవాళ్ల సీరియళ్లు ఒకే వేళ నడుస్తుంటే అప్పుడు 300 ప్రయోజనకరం. అయితే నెలసరి డేటా పరిమితిని చూసి తీసుకోవాలి. చాలా ఫైబర్ ప్లాన్లలో అది 3,300 జీబీ ఉంటుంది, గేములకు అది ధారాళం. తీగ లేకుండా 5జీతో ఇచ్చే ఇంటి కనెక్షన్లలో పరిమితి అంతకంటే బాగా తక్కువ, వేగం కూడా వాన, టవరు రద్దీలను బట్టి మారుతూ ఉంటుంది. ఫైబర్ రాని ఊరికి అది వరమే కాని, ఫైబర్ ఉన్న వీధిలో దాన్ని ఎంచుకోనక్కరలేదు. ఇక ఫోన్ హాట్‌స్పాట్ అంటారా, రోజుకు 2 జీబీ ఇచ్చే రీచార్జితో 100 జీబీ గేమ్ దించాలంటే యాభై రోజులు పడుతుంది.

డిస్కు పట్ల నాకు అభిమానం ఉంది, దాచను. ఆడడం అయ్యాక స్నేహితులకు ఇవ్వవచ్చు, అమ్ముకోవచ్చు. పీఎస్4 బ్లూ-రే డిస్కులో 50 జీబీ, పీఎస్5 డిస్కులో 100 జీబీ పడుతుంది. పీఎస్4 డ్రైవు సెకనుకు 27 ఎంబీ చదవగలదు, అంటే 200 ఎంబీపీఎస్ ప్లానుకు మించిన వేగం. కాని డిస్కు ఇన్‌స్టాల్ కాగానే పదుల జీబీల ప్యాచ్ (గేమ్‌ను సరిదిద్దే అప్‌డేట్) దిగవలసి రావడం ఇప్పుడు మామూలైంది, ఆ పని నెట్‌దే. 2022లో వచ్చిన కాల్ ఆఫ్ డ్యూటీ: మోడర్న్ వార్‌ఫేర్ 2 పీఎస్5 డిస్కులోనైతే 100 ఎంబీ సరుకు కూడా లేదు, గేమ్ అంతా దించుకోవలసిందే. పైగా పీఎస్5 డిజిటల్ ఎడిషన్‌కు, ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్‌కు డిస్కు డ్రైవే ఉండదు. ఒంటరిగా ఆడే పాత గేములకు డిస్కు బాగుంటుంది. వారం వారం మారే ఆన్‌లైన్ గేములకు దానివల్ల ఒరిగేది తక్కువ.

పీఎస్4 వాడేవారికి మరో మాట. ప్యాచ్ దిగాక ‘కాపీ’ అవుతున్నట్లు చూపే గీత డౌన్‌లోడ్ కంటే నెమ్మదిగా కదలడం మీరు చూసే ఉంటారు. సిస్టమ్ అప్పుడు గేమ్ ఫైళ్లను కొత్తగా రాసుకుంటుంది. నిమిషానికి 5,400 చుట్లు తిరిగే హార్డ్‌డిస్కుకు అది పెద్ద భారం, దానికి హార్డ్‌డిస్కులో ఖాళీ కూడా ఎక్కువగా కావాలి. ఆ ఆలస్యానికి నెట్‌తో సంబంధం లేదు, కనుక ప్లాను పెంచినా వైరు వేసినా తగ్గదు. లోపలి హార్డ్‌డిస్కు తీసి 2.5 అంగుళాల ఎస్ఎస్‌డీ (తిరిగే భాగాలు లేని వేగవంతమైన నిల్వ) బిగిస్తే తగ్గుతుంది.

విశాఖలో చదువుకుంటున్న తమ్ముడో బావమరిదో పండుగకు వచ్చేటప్పుడు యూఎస్‌బీ 3.0 హార్డ్‌డిస్కులో గేములు తేవడం ఎక్స్‌బాక్స్ వారికి బాగా పనికివచ్చే ఉపాయం. సెకనుకు 100 ఎంబీ చొప్పున 100 జీబీ పావుగంట పైచిలుకులో కన్సోల్‌లోకి వచ్చేస్తుంది. గేమ్ హక్కు మాత్రం మీ ఖాతాలో ఉండాలి. పీఎస్5 గేములను బయటి హార్డ్‌డిస్కులో దాచుకోవచ్చు గాని అక్కడి నుంచి ఆడలేరు, లోపలికి కాపీ చేసుకోవాలి.

డీఎన్ఎస్‌ను 8.8.8.8కో 1.1.1.1కో మార్చమనే సలహా ఎప్పుడూ వినిపిస్తుంది. డీఎన్ఎస్ పని సర్వర్ చిరునామా చెప్పడంతో ముగుస్తుంది, ఆ తర్వాతి డౌన్‌లోడ్ వేగంలో దాని చేయి లేదు. ఒక్కోసారి దగ్గరి సర్వర్‌కు బదులు దూరపు సర్వర్ చిరునామా ఇచ్చి మరింత నెమ్మది చేయనూవచ్చు.

మన ప్రాంతానికి ప్రత్యేకంగా చెప్పుకోవలసింది కరెంటు గురించి. వేసవి సాయంత్రాల్లో గాలివాన లేచిందంటే సరఫరా పోవడం ఖాయం, 2018 అక్టోబరులో తిత్లీ తుపాను గజపతి జిల్లాలో చేసిన నష్టం అందరికీ గుర్తే. డౌన్‌లోడ్ మధ్యలో కరెంటు పోతే దిగినంత వరకు సాధారణంగా నిలుస్తుంది, కాని పీఎస్4 తిరిగి వెలిగినప్పుడు నిల్వను తనిఖీ చేసుకుంటూ కూర్చుంటుంది. మోడెంకు పెట్టే చిన్న 12 వోల్టుల యూపీఎస్‌తో కన్సోల్ నడవదు, దానికి ఇంటి ఇన్వర్టర్ లైను కావాలి. మోడెం, కన్సోల్ రెండూ ఇన్వర్టర్ మీదే ఉంటే రాత్రి డౌన్‌లోడ్ ఆగదు. పడుకునే ముందు గేమ్ మూసి, రెస్ట్ మోడ్ (కన్సోల్ పూర్తిగా ఆరిపోకుండా నిద్రపోయే స్థితి) అమరికల్లో ఇంటర్నెట్ కనెక్షన్ నిలిపి ఉంచే ఎంపిక తెరిచి ఉందో లేదో చూసి, అప్పుడు కన్సోల్‌ను రెస్ట్ మోడ్‌లో పెట్టండి.