షోకాజ్‌కు రెడీమేడ్ జవాబు: బెంగళూరు కన్సల్టెంట్ల ప్యాకేజీ ఎంతవరకు పనికొస్తుంది?

మారతహళ్ళిలోనో కె.ఆర్. పురంలోనో మెడికల్ షాపు నడుపుకునే తెలుగువాళ్ళకు డ్రగ్స్ ఆఫీసు నుంచి కన్నడంలో షోకాజ్ నోటీసు (లైసెన్సు మీద చర్య ఎందుకు తీసుకోకూడదో చెప్పమనే నోటీసు) వస్తే, మొదట గుర్తొచ్చేది లైసెన్సు ఇప్పించిన కన్సల్టెంటే. ఆయన దగ్గర జవాబు రెడీగా ఉంటుంది. షాపు పేరు, లైసెన్సు నంబరు మార్చి, లెటర్‌హెడ్ మీద ప్రింటు తీసి, సంతకం పెట్టించుకుని ఇచ్చేసి వస్తాడు. ఈ రివ్యూ ఏ ఒక్క సంస్థ మీదా కాదు, ఈ తరహా సర్వీసు మీద. అయిదుకు రెండు మార్కులు.

ఆ రెండూ దేనికంటే, గడువు దాటనివ్వరు. నోటీసు సరిగ్గా చదివి చెబుతారు. కన్నడ లిపి మనకు కూడబలుక్కుంటే వచ్చేస్తుంది, చిక్కంతా అక్కడే. ‘అమానతు’ అని కనబడితే ఏదో డిపాజిట్ కట్టమంటున్నారనుకుంటాం. కన్నడంలో అది సస్పెన్షన్. ‘రద్దు’ మాత్రం అక్కడా ఇక్కడా రద్దే.

ఇక అసలు సరుకు. ‘పొరపాటు జరిగింది, మన్నించండి, ఇకమీదట జరగనివ్వం.’ ఎన్ని పేజీలున్నా జవాబు సారం ఇంతే. వినడానికి వినయంగానే ఉంటుంది. కానీ అది నేరం ఒప్పుకుంటూ రాసిచ్చిన కాగితం. రేపు అప్పీలుకు వెళితే ముందు బయటికి తీసేది దాన్నే.

హెచ్1 రిజిస్టరు, అంటే షెడ్యూల్ హెచ్1లోని మందుల అమ్మకాలు రాసే పుస్తకం సంగతే చూడండి. సెఫిక్సిమ్ అమ్మిన వరుసలో రోగి పేరుంది, మందు పేరుంది, ఎన్ని మాత్రలో ఉంది. డాక్టరు అడ్రసు గడి ఖాళీ. నోటీసులో ‘రిజిస్టరు నిర్వహించలేదు’ అని ఉంటుంది. రెడీమేడ్ జవాబు దానికీ మన్నించమంటుంది. రిజిస్టరు లేకపోవడం వేరు, ఓ గడి నింపకపోవడం వేరు. మూడేళ్ళు దాచాల్సిన ఆ పుస్తకం షాపులోనే ఉంటే, ఆ పేజీల జిరాక్సు జతచేసి ‘ఉంది, ఫలానా వరుసల్లో అడ్రసు రాయలేదు’ అని చెప్పాలి. ఆ ఒక్క వాక్యంతో తప్పు తీవ్రత మారిపోతుంది.

డ్రగ్స్ రూల్స్, 1945లోని 66వ రూల్ లైసెన్సుదారుకు ఏమిస్తోందో ప్యాకేజీ తయారుచేసినవాళ్ళు చదివినట్టు లేదు. సంజాయిషీకి అవకాశం ఇవ్వాలి, ఆర్డరు రాతపూర్వకంగా ఉండాలి, అందులో కారణాలు చెప్పాలి. రద్దే చేయనక్కర్లేదు, కొంతకాలం సస్పెండ్ చేయొచ్చు. అదీ లైసెన్సు మొత్తానికి కాకుండా కొన్ని మందులకే పరిమితం చేయొచ్చు. జవాబు చివర ఆ తక్కువ శిక్షను ప్రత్యామ్నాయంగా అడగడం కన్సల్టెంట్లకు తట్టదెందుకో!

‘65వ రూల్ ఉల్లంఘించారు’ అని మాత్రమే ఉన్న నోటీసుకు తిన్నగా జవాబు రాయకూడదు. లైసెన్సు షరతులు చెప్పే ఆ 65లో ఉపనిబంధనలు బోలెడు. ఏది, ఏ తేదీన, ఏ బిల్లులో అని అడుగుతూ ముందు ఒక ఉత్తరం పెట్టాలి. తనిఖీ రిపోర్టు కాపీ, రికార్డులు పట్టుకెళ్ళి ఉంటే ఫారం 16 రసీదులో ఉన్నవాటి కాపీలు, అవి అందాక జవాబుకు గడువు అడగాలి. ఇన్‌స్పెక్టరు రాసే ఫారం 35 పుస్తకం షాపులోనే ఉంటుంది కదా, ఆ రోజు పేజీని నోటీసుతో పోల్చండి. అందులో లేని ఆరోపణ నోటీసులో మొలిస్తే, ఆ మాటే మొదట రాయాలి.

ఫార్మసిస్టు భోజనానికి వెళ్ళినప్పుడు కౌంటరు కుర్రాడు డాక్టరు చీటీ లేకుండా అమ్మేశాడనుకోండి. 66లోనే దీనికో మినహాయింపు ఉంది. అది యజమాని పురికొల్పింది కాదని, తనకు తెలిసి జరగలేదని, అంతకు ముందు 12 నెలల్లో అలాంటిది జరగలేదని, తగిన జాగ్రత్తలు తీసుకున్నామని రుజువు చేస్తే లైసెన్సు జోలికి రాకూడదు. రుజువు అంటే హాజరు పట్టీ, కుర్రాడికి రాసిచ్చిన సూచనలు, పాత ఫారం 35 పేజీలు. క్షమాపణ పత్రంలో వీటికి చోటెక్కడిది?

ఎదురుగా కూర్చోబెట్టి వింటారన్న మాట 66లో విడిగా లేదు. అందుకే ‘స్వయంగా వినిపించుకునే అవకాశం ఇవ్వండి’ అని జవాబులోనే రాసి అడగాలి. విన్న అధికారి ఒకరు, సంతకం పెట్టిన అధికారి మరొకరు అయితే దాన్నీ పట్టుకోవాలి. ఒకరు విని ఇంకొకరు తేలిస్తే విచారణ ఉత్త తంతేనని సుప్రీంకోర్టు 1958లో గుళ్ళపల్లి నాగేశ్వరరావు కేసులో చెప్పింది. అది మన ఆంధ్ర బస్సు రూట్ల తగాదా.

ఆర్డరులో ‘సమాధానం సంతృప్తికరంగా లేదు’ అని ఒక్క లైను గీకి ఊరుకుంటే అది కారణం కాదు. ఆ లోటును తర్వాత కోర్టులో అఫిడవిట్ వేసి పూడ్చుకోవడానికీ వీల్లేదని 1977లో సుప్రీంకోర్టు ఇచ్చిన మొహిందర్ సింగ్ గిల్ తీర్పు చెబుతోంది.

ప్యాకేజీ సరిగ్గా అక్కడే అయిపోతుంది, అప్పీలు వాళ్ళ పని కాదు. రాష్ట్ర ప్రభుత్వానికి అప్పీలు చేసుకోవడానికి మూడు నెలలు గడువు. అది ఆర్డరు తేదీ నుంచి, మన చేతికి అందిన రోజు నుంచి కాదు. అప్పీలు వేసినంత మాత్రాన ఆర్డరు ఆగుతుందని రూల్‌లో ఎక్కడా లేదు కాబట్టి స్టే విడిగా అడగాలి. అది వచ్చేదాకా షట్టరు ఎత్తి ఒక్క స్ట్రిప్పు అమ్మినా లైసెన్సు లేకుండా అమ్మినట్టే. ఆ నేరానికి జైలు మూడేళ్ళతో మొదలవుతుంది.

లైసెన్సు చెల్లుబాటులో ఉండడానికి అయిదేళ్ళకోసారి కట్టే రిటెన్షన్ ఫీజు లాంటి కాగితాల పనికైతే ఈ కన్సల్టెంట్లు చాలు. ఆలస్యమైతే నెలకు 2 శాతం అపరాధ రుసుముతో ఆరు నెలల వరకే వీలు, ఆ తర్వాత లైసెన్సు రద్దయినట్టే లెక్క. గడువు గుర్తుచేయడం వాళ్ళకు బాగా వచ్చు. షోకాజ్ వస్తే మాత్రం నోటీసు చదివించుకునే వరకే వాళ్ళ దగ్గరికి వెళ్ళండి. జవాబు రికార్డులు చూసి రాసే వకీలు చేత రాయించండి. ఎవరు రాసినా రెండు ప్రతులు తీసుకెళ్ళి, మన ప్రతి మీద ఆఫీసు సీలు, తేదీ వేయించుకోందే కౌంటరు దగ్గర్నుంచి కదలకండి.