పెద్దవాళ్ల ఫోన్‌కు ఏది మేలు: డీఎన్‌డీయా, ట్రూకాలరా, అసలు మోగనివ్వకపోవడమా?

ఊళ్లో ఉండే అమ్మానాన్నల ఫోన్లకు వచ్చే అక్కరలేని కాల్స్‌ను ఎలా ఆపాలని అడిగేవారు ఈ మధ్య బాగా పెరిగారు. వారిలో చాలామంది డీఎన్‌డీ (ప్రచార కాల్స్ వద్దని చేసే నమోదు) చేయించి, ఫోన్ చేసేదెవరో చూపే ట్రూకాలర్ యాప్ కూడా పెట్టి, అయినా ఫలితం లేదని విసిగిపోయినవారే. అందువల్ల వాటిని ఎలా పెట్టుకోవాలో మళ్లీ చెప్పకుండా, ఏది ఎవరిని ఆపగలదో మాత్రమే పరిశీలిస్తాను.

1909 ద్వారా నమోదయ్యే డీఎన్‌డీ, చట్టానికి లోబడే వ్యాపారుల కోసం ఏర్పాటైనది. 140తో మొదలయ్యే నంబర్ల నుంచి వచ్చే ప్రచార కాల్స్ దీనివల్ల నిజంగానే తగ్గుతాయి. మామూలు పదంకెల మొబైల్ నంబరు నుంచి ‘షాద్‌నగర్ దగ్గర వెంచర్ వేశాం సార్, ఆదివారం కారు పంపిస్తాం’ అనే ఏజెంటును మాత్రం ఇది ముందుగా ఆపలేదు. ఫిర్యాదు చేసి అతని నంబరుపై చర్య కోరవలసిందే. 2025 ఫిబ్రవరిలో టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ ఆ ఫిర్యాదుకు గడువును మూడు రోజుల నుంచి ఏడు రోజులకు పెంచడం, పది రోజుల్లో ఐదు ఫిర్యాదులు వచ్చినా చర్య మొదలుపెట్టేలా నిబంధన మార్చడం మంచి పనులే. అయితే డెబ్బై ఏళ్ల మనిషి ప్రతి కాల్‌కూ కూర్చుని ఫిర్యాదు రాస్తారనుకోవడం అత్యాశ. ఇక దొంగ సంగతంటారా, అతను డీఎన్‌డీ జాబితా చూసి ఫోన్ చేయడు.

ట్రూకాలర్, దాని తోవలోనే 2024లో ఎయిర్‌టెల్ తెచ్చిన స్పామ్ హెచ్చరిక, స్పామ్ అని అనుమానం ఉంటే చూపించి, ఎత్తాలా వద్దా అన్న నిర్ణయాన్ని సాధారణంగా మనకే వదిలేస్తాయి. ఎలక్ట్రీషియన్లు, దుకాణదారులు, రోజూ కొత్త నంబర్లతో పని పడేవారు ఎవరైనా దీన్నే ఎంచుకోవాలి. పెద్దవాళ్ల విషయంలో నాకు దీనిపై అంత నమ్మకం లేదు. నిన్న తీసుకున్న సిమ్ముపై ఇంకా ఎవరూ ఫిర్యాదు చేసి ఉండరు కాబట్టి స్పామ్ అని హెచ్చరించే ఎర్ర రంగు కనిపించకపోవచ్చు. రంగు లేదంటే మంచివాళ్లేనని వారు ధైర్యంగా ఎత్తుతారు.

నా దృష్టిలో అసలు లెక్కలోకి తీసుకోవలసింది ఇదే: మాటల్లోకి దించిన తరువాతే మోసగాడు గెలుస్తాడు. ‘మీ ఆధార్‌తో పార్సిల్ పట్టుబడింది, సీబీఐ నుంచి మాట్లాడుతున్నాం, ఫోన్ పెట్టేస్తే అరెస్టు చేస్తాం’ అని బెదిరించే డిజిటల్ అరెస్టు ముఠాలు గంటల తరబడి మనిషిని కెమెరా ముందు నుంచి కదలనివ్వవు. ఆ మాటలకు చదువుకున్నవారు కూడా లొంగిపోతున్నారు. కాబట్టి ఎత్తాక జాగ్రత్తగా ఉండమనడం కంటే అసలు మోగనివ్వకపోవడమే మేలు.

ఐఫోన్‌లో తెలియని నంబర్లను మోగకుండా చేసే సదుపాయం 2019 నుంచి ఉంది. ఆండ్రాయిడ్‌లో ఫోన్ సెట్టింగ్స్‌లోని డు నాట్ డిస్టర్బ్ (ఇది 1909 డీఎన్‌డీ కాదు) తెరిచి, కాంటాక్టుల్లో ఉన్నవారి కాల్స్ మాత్రమే మోగేలా పెట్టవచ్చు. చాలా ఫోన్లలో అక్కడే, ఒకే నంబరు పదిహేను నిమిషాల్లో రెండోసారి చేస్తే మోగనిచ్చే మీట కూడా ఉంటుంది. ఆసుపత్రి నుంచి వచ్చే కాల్ తప్పిపోతుందేమోనని భయపడేవారు దాన్ని తీసేయకుండా ఉంచుకోవచ్చు, కానీ పట్టు విడవని మోసగాడికీ ఆ దారి తెరిచే ఉంటుంది. డిజిటల్ అరెస్టు ముఠాలు ఎక్కువగా వాట్సాప్ వీడియో కాల్‌కే మళ్లిస్తాయి, అక్కడ 1909 డీఎన్‌డీ పనిచేయదు. వాట్సాప్ సెట్టింగ్స్‌లో ప్రైవసీ, అందులో కాల్స్ తెరిచి, తెలియని కాలర్లను మోగనివ్వని మీటను కూడా నొక్కి రావాలి.

దీనివల్ల నష్టం లేకపోలేదు. కొరియర్ అబ్బాయి ఫోన్ చేసి వెళ్లిపోతాడు. 1600తో మొదలయ్యే నంబరు నుంచి బ్యాంకు చేసే నిజమైన కాల్ కూడా మిస్డ్ కాల్‌గా మిగులుతుంది. గ్యాస్ ఏజెన్సీ, మందుల షాపు, డాక్టరు, ఎదురింటివారి నంబర్లను ముందుగా సేవ్ చేసి పెడితే ఈ ఇబ్బంది చాలావరకు తీరుతుంది. ఆ పని మాత్రం పిల్లలే దగ్గర కూర్చుని చేయాలి.

ఒక్కొక్క నంబరునూ బ్లాక్ చేయడం వృథా శ్రమ, రేపు మరో నంబరు నుంచి వస్తారు. ప్రభుత్వ పోర్టల్ సంచార్ సాథీలో అనుమానిత కాల్స్ కోసం ఉన్న చక్షులో ఫిర్యాదు చేయడం మంచిదే కానీ, అది కాల్ వచ్చిన తరువాతి పని. డబ్బు పోయిందంటే వీటన్నిటినీ పక్కనపెట్టి వెంటనే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయాలి.